నా ఎత్తు వాళ్ళు

జూన్ 4

అక్కా,

నేను తమ్ముణ్ణి. ఇది కొత్త నంబరు, సేవ్ చేసుకో. ఫోన్ మాత్రం చెయ్యకు. మా గదిలో మంచం మీద మంచం, నాది పై మంచం. కింద వాళ్ళకి నా ఊపిరి కూడా వినపడుతుంది. రాస్తే ఎవరికీ వినపడదు. తప్పులుంటే నవ్వకు. నేను బడికి వెళ్ళిందే తక్కువ, మిగతాది ఫోనే దిద్దుతుంది.

నీతో మీ కార్మిక సంఘం సంగతులు మాట్లాడొద్దని అమ్మ ఒట్టు వేయించుకుంది. "మీ అక్క ఊరందరి తలుపులూ తెరిపిస్తుంది, మనింటి గడప మాత్రం తొక్కదు" అంటుంది. నాకేమో తలుపు గురించే అడగాలనుంది.

మా లాండ్రీకి హోటళ్ళ దుప్పట్లు, ఆసుపత్రి దుప్పట్లు వస్తాయి. ముందు హాల్లో ఉతికే మిషన్లు, ఆరబెట్టే మిషన్లు. వెనక హాల్లో మేం, మడత పెట్టేవాళ్ళం. మా హాలుకి వెనకాల ఇనుప తలుపు ఉంది. ఎప్పుడో ఎవరో ఆ దారిన దుప్పట్లు ఎత్తుకుపోయారట, అప్పట్నుంచి దానికి తాళం. తాళంచెవి యజమాని దగ్గర ఉంటుంది, యజమాని ఎక్కడుంటాడో ఎవరికీ తెలీదు.

పోయిన వారం ఆరబెట్టే మిషన్లో నూగుకి నిప్పు అంటుకుంది. దుప్పట్లకి దూదిలాగా నూగు వస్తుంది చూడు, అది. ముందు హాలంతా పొగ. మాకు ఇంకో దారి లేదు, కిటికీలకి ఊచలు, అందరం వెనక తలుపు మీద పడ్డాం. తోస్తున్నాం, అది రాదు. వెనక వాళ్ళు మమ్మల్ని తోస్తున్నారు. మేం ఇస్త్రీ పిన్ని అని పిలిచే ఆవిడ కింద పడింది, మోచెయ్యి వాచింది. సూపర్వైజరు బకెట్లతో నీళ్ళు కొట్టి ఆర్పేశాడు, పాపం ఆయన కూడా లోపలే ఉన్నాడుగా.

మర్నాడు వచ్చి చూస్తే అదే తాళం. ఎవరూ ఏమీ అనలేదు. నేనూ అనలేదు. కళ్ళు మూసుకుంటే ఆ తలుపే కనిపిస్తోంది.

మీ సంఘంలో ఇలాంటివి ఎలా చేస్తారో చెప్పు. నాకు నోరు లేదని నీకు తెలుసు. చిన్నప్పుడు ఉప్పు కోసం పంపితే కొట్టువాణ్ణి అడగలేక ఉత్త చేతులతో వచ్చేవాణ్ణి.

ఇక ఉంటా.
తమ్ముడు

జూన్ 5

ఒరే నాన్నా,

నీ మెసేజి నాలుగుసార్లు చదివాను. నువ్వు పుట్టాక ఇన్ని మాటలు నాతో ఎప్పుడూ చెప్పలేదు. అమ్మకి వేసిన ఒట్టు నా నెత్తిన పెట్టెయ్, నాకు అలవాటే. నేను కుట్టు మిషను ముందు కూర్చునే రాస్తున్నా, మా మేస్త్రీ చూస్తే నన్నూ కుట్టేస్తాడు.

చూడు, మేం ఎలా చేస్తామంటే. ముందు ఎవరికీ ఏమీ చెప్పకు. అడుగు. ఆ రోజు నీకేమైంది, ఇంటికి చెప్పావా, మళ్ళీ అయితే ఏం చేస్తావు, అంతే. వాళ్ళ నోటే తలుపు మాట రావాలి. గుంపులో కాదు, ఒక్కొక్కరితో. నువ్వు ఒక పాలు మాట్లాడితే వాళ్ళు మూడు పాళ్ళు మాట్లాడాలి. మాటలు రానివాడికి ఇంతకన్నా మంచి పని ఉండదురా.

రెండోది, ఒక్కటే కోరిక పెట్టుకోండి. జీతం, సెలవులు, అన్నీ కలిపితే ఎవడికి కావలసింది వాడు పట్టుకుని విడిపోతాడు. తలుపు చాలు. ఒక్క తలుపు తెరిపించినవాళ్ళు తర్వాత ఏదైనా తెరిపిస్తారు. మేం నమ్మేది అదే.

మూడోది, ముందుకొచ్చి నిలబడకు. ఒక్క మెడ కనిపిస్తే అందరూ ఆ మెడే పట్టుకుంటారు.

పిన్ని చేతికి కట్టు కట్టారా లేదా రాయి. తింటున్నావా లేదా అది కూడా రాయి.

నీ అక్క

జూన్ 12

అక్కా,

పిన్ని బాగానే ఉంది, కట్టు లేదు, గుడ్డ చుట్టుకుని పని చేస్తోంది. నేను తింటున్నా.

నువ్వు ముందుకు రావొద్దన్నావు. నా వల్ల కాదని అలా అన్నావని ముందు ఉడుక్కున్నా. తర్వాత ఒకటి తెలిసింది.

దుప్పటి ఇద్దరం మడుస్తాం కదా. చెరో రెండు మూలలు పట్టుకుని చేతులు పైకెత్తి విదిలిస్తాం. అప్పుడు మధ్యలో దుప్పటి తెరలాగా లేస్తుంది. అవతలి మనిషికి నా మొహం కనపడదు, నాకు వాళ్ళ మొహం కనపడదు. అలా ఉన్నప్పుడు నాకు మాట వస్తోందక్కా. మొదట్లో నాకే భయమేసింది, ఎవరు మాట్లాడుతున్నారా అని.

"ఆ రోజు నీకు భయమేసిందా" అని దుప్పటిని అడిగాను. దుప్పటి అవతల నుంచి మాట వచ్చింది. వాళ్ళ పాప గురించి చెప్పింది ఆవిడ. దుప్పటి కిందికి దిగేసరికి ఇద్దరం నేల చూస్తున్నాం. మళ్ళీ ఇంకోటి ఎత్తాం, మళ్ళీ చెప్పింది. ఒక దుప్పటికి ఒక ముక్క. మధ్యాహ్నానికి కథంతా అయ్యింది.

జత మారిస్తే మనిషి మారతారు. అలా ఒక్కొక్కరితో అయ్యింది. అందరూ తలుపు మాటే అంటున్నారు. నేను అనలేదు, నిజంగా వాళ్ళే అన్నారు. ఇక్కడ నన్ను పిల్లి అంటారు, చప్పుడు చెయ్యనని. ఇప్పుడు పిల్లి మాట్లాడుతోందని నవ్వుతున్నారు.

ఉంటా మరి.
పిల్లి

జూన్ 14

పిల్లిగారికి అక్క దండం పెట్టి రాయునది,

నేను ఏళ్ళ తరబడి తిరిగి నేర్చుకున్నది నువ్వు ఒక దుప్పట్లో నేర్చుకున్నావు. మా మీటింగులో నీ సంగతి చెప్పాను. నీ పేరు చెప్పలేదు, ఊరు చెప్పలేదు. చెప్పడం అయ్యాక ఒక పెద్దాయన కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు.

అసలు విషయం. ఇరవై ఎనిమిదిన మా సంఘం వాళ్ళు చాలా చోట్ల ఒకేసారి పని ఆపుతున్నారు. కుట్టు మిషన్లు, గోదాములు, లాండ్రీలు. అందరిదీ ఒకటే మాట, పనిచేసే చోట తలుపులకి తాళాలు ఉండకూడదని. మీరూ ఆ రోజే కలిస్తే మీరు ఒంటరి కారు. టీ గంట కొట్టగానే దుప్పట్లు బల్ల మీద పెట్టి తలుపు దగ్గర నిలబడండి. అరవొద్దు, తోయొద్దు. తలుపు తీసేదాకా నిలబడాలి.

అందరూ సరేనన్నారా? దాచకుండా చెప్పు.

అక్క

జూన్ 16

అక్కా,

మీటింగులో ఎందుకు చెప్పావు. సరేలే.

నేను మాట్లాడిన వాళ్ళందరూ సరేనన్నారు. ఒక్కరు కూడా కాదనలేదు. ఇంకొంచెం టైము ఉంటే బాగుండేది. కానీ నువ్వు అన్నావంటే అప్పుడే చేద్దాం.

తమ్ముడు

జూన్ 17

బంగారు తండ్రీ,

అందరూ సరేనన్నారంటే ఇంకేం కావాలి. టైము ఎప్పుడూ చాలదురా. నీళ్ళు వెచ్చబడ్డాక స్నానం చేద్దామని కూర్చున్నవాళ్ళు అలాగే కూర్చుంటారు. ఇరవై ఎనిమిది సాయంత్రం ఎంత పొద్దుపోయినా నాకు రాయి. ఎదురుచూస్తుంటా.

అక్క

జూన్ 29

అక్కా,

అవ్వలేదు.

గంట కొట్టగానే మేం దుప్పట్లు బల్ల మీద పెట్టి తలుపు దగ్గరికి వెళ్ళాం. వెనక్కి తిరిగి చూస్తే కిటికీ వైపు వరుస మడుస్తూనే ఉంది. గోడ వైపు వరుసా మడుస్తూనే ఉంది. మధ్య వరుస వాళ్ళమే నిలబడ్డాం. వాళ్ళు మమ్మల్ని, మేం వాళ్ళని చూసుకున్నాం. ఎవరికీ ఏమీ అర్థం కాలేదు.

సూపర్వైజరు కేకలేస్తాడనుకున్నా. వెయ్యలేదు. టీ గ్లాసు పట్టుకుని వచ్చి, "ఏంటిది, బడి పిల్లల్లా నిలబడ్డారు, ఎవరు పిలిచారు మిమ్మల్ని" అన్నాడు. కిటికీ వైపు వాళ్ళు కొందరు నవ్వారు. ఆ నవ్వుతో అయిపోయింది. ఒకరు వెళ్ళారు, ఇంకొకరు వెళ్ళారు. చివరికి నేను తలుపుకి ఆనుకుని ఉన్నా. "పిల్లీ, నువ్వా" అన్నాడు ఆయన. కోపంగా కాదు, ఆశ్చర్యంగా.

ఇప్పుడు సెలవు రోజు కూడా నేను గేటు దాటకూడదు. పని హాలు, పడుకునే గది, మధ్యలో మెట్లు, అంతే నా ఊరు. మధ్య వరుస వాళ్ళకి టీ లేదు. నా వల్లే వాళ్ళకి టీ పోయింది.

రాయడానికి ఇంకేం లేదు.

జూన్ 30

తమ్ముడూ,

నువ్వు పేరు కూడా పెట్టకుండా మెసేజి ఆపేస్తే నాకు చెయ్యి ఆడలేదు.

నీ తప్పు కాదు. సరేనని మాటిచ్చి నిలబడనివాళ్ళు ప్రతి చోటా ఉంటారు. నవ్వినవాళ్ళని గుర్తుపెట్టుకో. వాళ్ళల్లో సూపర్వైజరు మనుషులు ఎవరో కనిపెట్టు. మావాళ్ళని ఇద్దర్ని మీ గేటు దగ్గరికి పంపిస్తాను, కాగితాలు పంచుతారు, నీకు ధైర్యంగా ఉంటుంది.

అక్క

జూలై 2

అక్కా,

ఎవర్నీ పంపొద్దు. గేటు దగ్గర కాగితం కనిపిస్తే ముందు నన్నే పిలుస్తారు.

వాళ్ళు మాట తప్పలేదు. వాళ్ళు నాకు మాటే ఇవ్వలేదు. నేను వాళ్ళని అడగలేదు.

ఇక్కడ జతలు ఎత్తుని బట్టి వేస్తారక్కా. ఒకరు పొడుగు, ఒకరు పొట్టి అయితే పొట్టివాళ్ళ వైపు దుప్పటి నేలకి తగులుతుంది. తగిలితే మళ్ళీ ఉతకాలి. అందుకని పొడుగువాళ్ళు కిటికీ వైపు, పొట్టివాళ్ళు గోడ వైపు, మామూలు వాళ్ళం మధ్యలో. నేను జత మారిస్తే మధ్య వరుసలోనే మారతాను. నేను అడిగిందంతా నా ఎత్తు వాళ్ళనే. రోజూ నా కళ్ళ ముందు కనిపించేది వాళ్ళే కాబట్టి వాళ్ళే అందరూ అనుకున్నా. పిన్నిని కూడా అడగలేదు, చెయ్యి వాచిన మనిషిని. ఆవిడ గోడ వైపు ఉంటుంది.

నువ్వు "అందరూనా" అని అడిగావు. నేను మాట్లాడిన వాళ్ళందరూ అన్నాను. ఇంకొంచెం టైము అని కూడా అన్నాను. నువ్వు స్నానం, వేడి నీళ్ళు అన్నావు.

తమ్ముడు

జూలై 3

నాన్నా,

అన్నావు. నువ్వు గట్టిగా అనవని తెలిసి కూడా నేను గట్టిగా వినలేదు. మా తేదీకి మీరు సరిపోవాలని చూశాను, మీ పనికి తేదీ సరిపోయిందా అని చూడలేదు. వేరే చోట్ల కొన్ని తలుపులు తెరుచుకున్నాయి, నాకు వాటి సంతోషం లేదు.

ఇక మీదట తేదీ నేను చెప్పను. ఎవర్నీ పంపను. నీకు వద్దనిపిస్తే ఈ పని మానెయ్. ఇంటికి వెళ్ళిపో, దారి ఖర్చులు నేను చూసుకుంటా.

అక్క

జూలై 11

అక్కా,

ఇంటికి వెళ్ళాలన్నా గేటు దాటాలి కదా.

కిటికీ వరుసలో ఒకాయన ఉన్నాడు, ఆయన్ని తాటిచెట్టు అంటారు. ఆ రోజు నవ్వినవాళ్ళలో ఆయన ముందు. చేతులు కడుక్కునే చోట ఆయన పక్కన నిలబడ్డా. మధ్యలో దుప్పటి లేదు. చాలాసేపు చేతులు కడుక్కున్నా. చివరికి ఆయనే, "ఏం పిల్లీ, చర్మం కూడా కడిగేస్తావా" అన్నాడు. తలుపు గురించి మిమ్మల్ని అడగలేదు, తప్పయింది అన్నాను. నా గొంతు నాకే వినపడలేదు. ఆయన నవ్వలేదు.

"పొడుగ్గా ఉన్నాం కదా, మాకు పొగ అంటదనుకున్నావా? పొగ ముందు పైకే వస్తుందిరా. ఆ రోజు మీకన్నా ముందు దగ్గింది నేను."

పనిలోకి వచ్చాక ఆయన నేరుగా మా వరుసలోకి వచ్చి నా ఎదురుగా నిలబడి దుప్పటి రెండు మూలలు పట్టుకున్నాడు. ఎత్తాం. ఆయన చేతులు పైకప్పు దగ్గర, నా చేతులు ఆయన మోచేతుల దగ్గర. నా వైపు దుప్పటి నేల తుడిచింది. ఉతకడానికి పోయింది. ఇంకోటి ఎత్తాం, అదీ పోయింది. పిన్ని చూసి చూసి, వాచిన చెయ్యి చంకలో పెట్టుకుని కిటికీ వైపు వెళ్ళి ఇంకో పొడుగాయన ఎదుట నిలబడింది. "మా పొట్టివాళ్ళని అడగాలంటే వంగాలి కదా, నడుం నొప్పి కాబోలు అబ్బాయికి" అని నాకు వినపడేలా అంది. సిగ్గేసింది. నవ్వూ వచ్చింది.

సాయంత్రానికి వరుసలు లేవక్కా. పొడుగూ పొట్టీ, మధ్యవాళ్ళూ, ఎవరితో ఎవరో. సూపర్వైజరు విడదీస్తాడు, ఆయన అటు తిరగ్గానే మళ్ళీ కలుస్తాం. పని ఆపారా అంటే ఆపలేదు. మడుస్తూనే ఉన్నాం. ఎవరు మొదలుపెట్టారంటే తెలీదు. ఉతికిన దుప్పట్లే మళ్ళీ మళ్ళీ ఉతుకుతున్నారు, హోటళ్ళ బండి వచ్చి ఖాళీగా పోతోంది.

మడుస్తూ మాట్లాడుకుంటున్నాం. తలుపు ఒక్కటే అడగాలని అందరూ అనుకున్నారు. ఈసారి అందరూ అంటే లెక్క సరిచూసుకున్నా.

భయంగానే ఉంది. గేటు ఇంకా దాటనివ్వట్లేదు.

పిల్లి

జూలై 15

అక్కా,

యజమాని వచ్చాడు. నేలకి తగిలిన దుప్పట్ల గుట్ట చూసి ఏంటిదంతా అన్నాడు. పిన్ని నెమ్మదిగా, "ఊపిరాడట్లేదు సార్, చేతులు కుదురుగా ఉండట్లేదు. ఆ తలుపు తీస్తే గాలి వస్తుంది, గాలి వస్తే కుదురుకుంటాయి" అంది. ఆయన అందర్నీ చూశాడు. అందరూ తలుపుని చూశారు. పని జరిగేటప్పుడు చెవి లోపల ఎవరో ఒకరి దగ్గర ఉంటుందని ఒప్పుకున్నాడు.

ఇప్పుడు తాళం, చెవి రెండూ నా దగ్గర ఉన్నాయి. పొద్దున తీసి, పని అయ్యాక వెయ్యాలి.

తమ్ముడు

జూలై 15

నా తండ్రీ,

గెలిచారు. మేస్త్రీ ముందే ఏడ్చేశాను, ఎవరో పోయారనుకుని సెలవు ఇవ్వబోయాడు. యజమాని తన చేత్తో నీ చేతికి చెవి ఇచ్చాడంటే అంతకన్నా ఏం కావాలి? అమ్మకి నేనే చెప్తాను, మాట్లాడకపోయినా చెప్తాను.

సంతోషంగా ఉండు.
అక్క

జూలై 16

అక్కా,

అమ్మకి చెప్పకు. నేను సగమే రాశాను, నువ్వు సంతోషపడిపోయావు.

ఎవరు మొదలుపెట్టారని యజమాని అడిగితే సూపర్వైజరు నన్ను చూపించాడు. యజమాని అందరి ముందూ నా భుజం మీద చెయ్యి వేసి చెవి ఇచ్చాడు. తలుపు పక్కన నాకు స్టూలు వేశారు. మడత పని లేదు. ఆ తలుపులోంచి ఎవరు వెళ్ళారో, ఎంతసేపు ఉన్నారో రోజూ ఆయనకి చెప్పాలి. ఒక్క దుప్పటి పోయినా నాదే పూచీ. గేటు దాటనిస్తాం అన్నారు. దాటి ఎక్కడికి వెళ్ళను?

తలుపు తెరిచే ఉంది. ఎవరూ దాని దగ్గరికి రావట్లేదు. నేను అన్నం తినడానికి కూర్చుంటే పక్కవాళ్ళు మాట ఆపేస్తున్నారు. తాటిచెట్టు నిన్న నన్ను "సార్" అన్నాడు.

తాళం ఉన్నప్పుడే నయం, అందరం లోపల ఉన్నాం.

జూలై 17

తమ్ముడూ,

మళ్ళీ తొందరపడ్డాను. ఒక్క మెడ పట్టుకుంటారని నీకు చెప్పిన నేనే, పట్టుకుంటే దండ వేశారనుకున్నాను.

ఇలా చెయ్యి. అందరూ ఉన్నప్పుడు ఆ చెవి తిరిగి ఇచ్చెయ్. ఎందుకు ఇస్తున్నావో గట్టిగా చెప్పు. తలుపు కావాలి, కాపలా వద్దు అను. నాలుగు మాటలు చాలు. కావాలంటే రాసి పంపుతాను, చదివెయ్.

అక్క

జూలై 17

అక్కా,

తిరిగి ఇస్తే రేపే తాళం వేస్తారు. గట్టిగా చెప్పడం నాకు రాదు. ఏళ్ళ నుంచి చూస్తున్నావు కదా.

ఏదో ఒకటి చేస్తాలే.

తమ్ముడు

జూలై 19

అక్కా,

నేను సూపర్వైజరు గదిలో ఉన్నా. బయట గడియ పెట్టారు. పనిలోకి వెళ్ళేటప్పుడు మా ఫోన్లు తీసుకుని ఒక పెట్టెలో పెడతారు, ఆ పెట్టె ఈ గదిలోనే ఉంది. వాళ్ళకి గుర్తు లేదు. నాది వెతుక్కుని రాస్తున్నా.

పొద్దున తలుపు తీశాక స్టూలు దిగి మడత బల్ల దగ్గరికి వెళ్ళాను. మడిచిన దుప్పటి లోపల తాళంకప్ప పెట్టి తాటిచెట్టుకి ఇచ్చాను. ఇంకో దుప్పట్లో చెవి పెట్టి పిన్నికి ఇచ్చాను. "ఇంకెవరికైనా ఇవ్వండి, నాకు చెప్పొద్దు" అన్నాను. మధ్యలో దుప్పటి లేకుండానే అన్నాను. పిన్ని నా మొహం వైపు చూసి, "నీకు పళ్ళు కూడా ఉన్నాయే" అంది. నవ్వానేమో మరి.

తర్వాత నాకు తెలీదు. చేతులు మారడం కనిపించింది, ఏది ఎవరిదో కనిపించలేదు. కొందరు గాలికని తలుపు బయటికి వెళ్ళొచ్చారు. ఎవరెవరో నేను చూడలేదు, కావాలనే గోడ చూస్తూ కూర్చున్నా.

బయటికి ఎవరు వెళ్ళారో నేను చెప్పలేదని ఇందాక తలుపు వెయ్యమన్నారు. తాళం లేదన్నాను. ఎవరి దగ్గర ఉందంటే తెలీదన్నాను. సూపర్వైజరు నన్ను ఇక్కడ కూర్చోబెట్టి, "ఒక్క పేరు చెప్పరా, నా ఉద్యోగం పోతుంది, నాకూ పిల్లలున్నారు" అన్నాడు. జాలేసింది, నిజంగా. కానీ చెప్పడానికి నా దగ్గర పేరే లేదు. కొట్టినా లేదు. అందుకే అలా చేశాం.

యజమాని కొత్త తాళం తెస్తున్నాడట. తేనీ. పని జరిగేటప్పుడు దాని చెవి లోపల ఎవరో ఒకరి చేతిలో ఉండాలని ఆయనే అందరి ముందూ ఒప్పుకున్నాడు. ఎవరి చేతికి ఇస్తాడో ఇవ్వనీ, అదీ ఇలాగే చేతులు మారుతుంది.

నువ్వు రావొద్దు. ఎవర్నీ పంపొద్దు. భయమేస్తోంది, ఈ గదికి కిటికీ కూడా లేదు. అయినా రావొద్దు.

గోడ అవతల మా హాలు. దుప్పట్లు విదిలిస్తే టపటపమని చప్పుడు వస్తుంది, ఇంతసేపూ అది వింటూనే రాస్తున్నా. ఇప్పుడే ఆగిపోయింది. టీ గంట కొట్టలేదు. ఎవరు ఆపమన్నారో తెలీదు, నేను మాత్రం ఎవరికీ ఏమీ చెప్పలేదు. అడుగుల చప్పుడు వస్తోంది, చాలామందివి.

ఈ గది వైపే వస్తున్నారక్కా.